మంద పండుకున్న నేల

మొన్న మనుమరాలు చరిత్ర పాఠం పైకి చదువుతూ ఉంటే, చేటలో బియ్యం ఏరుకుంటూ విన్నాను. అమెరికాలో పూర్వం జనం గుడ్డ కప్పిన బండ్లలో పెళ్లాం పిల్లలను, విత్తనాలను, నాగళ్లను వేసుకుని నెలల తరబడి పడమటికి పోయి, ఎవరూ లేని నేలను దున్నుకుని స్థిరపడ్డారట. ఆ 'ఎవరూ లేని' అన్న మాట దగ్గర నా చెయ్యి ఆగిపోయింది. నేను చదివింది రెండో తరగతి, అమెరికా ఎటుందో నాకు తెలియదు. కానీ బండి కట్టుకుని పడమటికి పోవడమంటే ఏమిటో నా ఈడు వాళ్లలో కొందరికైనా గుర్తుండే ఉంటుంది.

మాది గోనెగండ్ల దగ్గర మెట్ట పల్లె. రెండో యుద్ధం ఇంకా మొదలుకాని రోజులు. వరుసగా రెండేళ్లు వానలు లేక ఉన్న కాస్త చేనూ నెర్రెలు విచ్చితే, తుంగభద్ర అవతల నైజాం సీమలో బీడు నేల అడిగినవాళ్లకు ఇస్తున్నారని విని నాయన బండి కట్టాడు. నాకప్పుడు పదేళ్లు. ఆదోని దాటి, హొళగుంద దాటి ఏటి ఒడ్డుకు చేరేసరికి కొత్త నీరు ఎర్రగా దిగుతూ ఉంది. బండి చక్రాలు ఊడదీసి, ఏరు దాటించే తోలు పుట్టిలో వేశారు, ఎద్దులను ఈదించారు. అమ్మ మాత్రం విత్తన జొన్నల మూటను ఒళ్లోనుంచి దించలేదు. ఉన్న విత్తనమంతా అదే. అది తడిసినా, విత్తింది దక్కకపోయినా మాకు తిండీ లేదు, తిరుగు దారీ లేదు. ఆకలేసి మూటలో చెయ్యి పెట్టబోతే నా వేళ్ల మీద కొట్టింది. ఆ దెబ్బ తప్పని నేను ఈనాటికీ అనను.

అవతలి ఊరి పటేలు ఉర్దూలో ఒక కాగితం రాయించి ఇచ్చి, నచ్చిన చోట దున్నుకోమన్నాడు. మాలో దాన్ని చదవగలవాళ్లు లేరు. నాయన రెండు రోజులు తిరిగి, మన్ను పిడికిట పట్టి వాసన చూసి, చివరికి ఒక చోటు ఎంచుకున్నాడు. చుట్టూ నేల పాలిపోయి ఉంటే అక్కడ మాత్రం మన్ను నల్లగా, మెత్తగా ఉంది, గడ్డి మోకాలెత్తు ఉంది. గెట్టు లేదు, హద్దురాయి లేదు. దేవుడు మా కోసమే దాచిపెట్టాడని అమ్మ దండం పెట్టుకుంది. ఇంత మంచి నేలను ఇన్నాళ్లు ఎవరూ ఎందుకు ముట్టలేదన్న అనుమానం మాలో ఒక్కరికీ రాలేదు.

ఉత్తర కార్తెలో విత్తాము. పైరు జానెడు లేచినాక, ఒక పొద్దున దూరంగా దుమ్ము కనపడింది. గొర్రెల మంద; వెనుక గొంగళ్లు కప్పుకున్న కురుబవాళ్లు, గాడిదల మీద సామాన్లు. తిన్నగా మా చేని మీదికే వస్తున్నారు. అమ్మ నన్ను పైరు అంచున నిలబెట్టి చేతులు చాపమంది, తానూ చాపింది.

వాళ్ల పెద్దాయన మందను ఆపి, కన్నడం కలిసిన తెలుగులో నిదానంగా అన్నాడు. "ఏమప్పా, మా మంద పండుకునే తావు దున్నినారే."

నాయన కాగితం చాపాడు. "గెట్టు యాడుందన్నా? నీ పేరు యాడ రాసుంది?"

"గొర్రెలకు రాసేది రాదప్పా. మా తాత కాలం నుంచి ఏటేటా ఈడనే పండుకుంటాయి, పెంటేసి పోతాయి. ఈ మన్ను ఊరికే ఇట్ల నల్లగయిందనుకుంటివా?"

నాయన కాగితం మడిచి రొండిన దోపుకున్నాడు. మా ఊళ్లో ఉన్నప్పుడు చేనికి ఎరువు కోసం మందను ఒక్క రాత్రి పండబెట్టమని కురుబవాళ్లను బతిమాలుకున్నవాడు ఆయనే. పెద్దాయన వంగి ఒక మొక్క పీకి చూశాడు. లేత జొన్న మేస్తే గొర్రెలు ఉబ్బి చస్తాయని ఆయనకూ తెలుసు, మాకూ తెలుసు. వెనుకనుంచి ఒక ముసలమ్మ, "వాళ్లకు కాగితముంది, మనకు కాళ్లుండాయి. నడువు," అన్నది. మంద పక్కకు తిరిగింది. చివరి గొర్రె దాటేదాకా అమ్మ చేతులు దించలేదు.

ఆ ఏడు జొన్న నిలువెత్తు పెరిగింది, కడుపునిండా తిన్నాము. అయినా ఎక్కడ దుమ్ము లేచినా అమ్మ చేతిలో పని వదిలేసి బయటికి వచ్చి చూసేది. మంద మళ్లీ రాలేదు. మూడో ఏటికి మా చేను కూడా పక్క నేలల్లాగే పాలిపోయింది. మళ్లీ బండి కట్టి, ఏరు దాటి, ఎమ్మిగనూరు మగ్గాల ఇళ్లలో నూలు కండెలు చుట్టే కూలికి చేరాము.

ఇప్పుడు ఆ సీమకు కాలువ నీళ్లొచ్చాయి. ఒకసారి బస్సులో పోతూ చూస్తే మైళ్ల కొద్దీ వరి, ప్రతి మడికీ గెట్టు, ప్రతి గెట్టుకూ ఒక సొంతదారుడు. గొర్రెలను లారీలకెక్కించి తోలుతున్నారు. మా చేను ఎక్కడిదో గుర్తుపట్టలేకపోయాను. మంద పక్కకు తిరిగి పోవడం మాత్రం కళ్ల ముందే ఉంది. ఆ రాత్రి వాళ్లు ఎక్కడ పండుకున్నారో మా ఇంట్లో ఎవరమూ, ఎన్నడూ అడగలేదు.