ఘానా పిక్కలు, ఉద్దానం పిక్కలు

ఈ మధ్య ఒకరోజు పొద్దున్న విశాఖ ఓడరేవు నుంచి వచ్చిన లారీ దగ్గర ఒక బస్తా కుట్టు విప్పించి, నమూనా కోసం లోపల చెయ్యి పెట్టాను. తడిసి ఆరిన గోనె వాసన, దాని వెనకే జీడి పిక్క తొక్కలో ఉండే కారపు నూనె వాసన ముక్కుకు తగిలాయి. వేళ్ళకు ఎర్రటి ధూళి అంటుకుంది. అది మా ఉద్దానం ఇసుక కాదు, పడమటి ఆఫ్రికాలో ఏదో తోటలోని మట్టి. కాశీబుగ్గలో నాలుగైదు జీడి ఫ్యాక్టరీలకు దిగుమతి కాగితాలు చూసిపెట్టే చిన్న ఆఫీసు నాది. ఈ వాసన నాకు కొత్త కాదు. అయినా బస్తా విప్పినప్పుడల్లా, ఈ పనిలో నన్ను పెట్టిన రాజేశ్వరమ్మ గారు పక్కన నిలబడి ఉన్నట్టే అనిపిస్తుంది.

ఆవిడ భర్త కట్టిన ఫ్యాక్టరీ కాశీబుగ్గలోనే, పలాస స్టేషనుకు అంత దూరం కాదు. ఉద్దానంలో ఎంతోమందిని తీసుకుపోయిన కిడ్నీ జబ్బే ఆయన్నూ తీసుకుపోయింది. ఫ్యాక్టరీ అమ్మేసి హాయిగా ఉండమని బంధువులు చెప్పినా, ఆవిడ వినకుండా ఆయన కుర్చీలో కూర్చున్నారు. సన్నగా, పొడుగ్గా ఉండేవారు. గొంతు పెంచి మాట్లాడగా నేనెప్పుడూ వినలేదు. నాది వజ్రపుకొత్తూరు వైపు ఒక చేపల ఊరు. బీకాం చదివి, ఇంగ్లీషు కాస్త వచ్చని ధైర్యం చేసి, పని అడగడానికి వెళ్ళాను. ఆవిడ నా సర్టిఫికెట్లు చూడలేదు.

"మీ నాన్న ఏటి సేత్తాడు?" అన్నారు.

"ఏటకెల్తాడండి."

"తెచ్చిన సేపకి ధర ఎవులు సెప్తారు?"

"ఒడ్డున షావుకారు సెప్తాడండి."

"షావుకారికి ఎవులు సెప్తారు?"

నేను తెల్లబోయాను. పుట్టినప్పటి నుంచి చేపల వాసనలోనే పెరిగినా ఆ ప్రశ్న నాకెప్పుడూ తట్టలేదు. తెలియదన్నాను. ఆవిడ నవ్వి, "నాకూ తెల్దు. పిక్కకీ అంతే. తెలుసుకోడానికే నిన్ను పెట్టుకుంటన్నాను. రేపట్నించి రా," అన్నారు.

తెలుసుకోవడం అంత తేలిక కాలేదు. ఉద్దానం తోటల్లో కాసే పిక్క కాశీబుగ్గ ఫ్యాక్టరీలకు ఏడాది పొడుగునా చాలదు. మిగతాది ఆఫ్రికా నుంచి ఓడలో రావాలి. ఏ దేశపు పిక్క మీద ఎంత సుంకం, ఏ ఒప్పందంలో ఏ మినహాయింపు, మధ్యలో ఏ నిబంధన మారింది అన్నది చదివి, ఆవిడకు తెలుగులో చెప్పడం నా పని. చదవగా చదవగా ఒక సంగతి అర్థమైంది. ముడి పిక్క మన దేశంలోకి రావడానికి తలుపు దాదాపు బార్లా తీసి ఉంది. అదే పిక్కను అక్కడే కొట్టి, పప్పు చేసి పంపుతామంటే మాత్రం సుంకం గోడలా అడ్డం నిలబడుతుంది. ఇక్కడ పిక్క కొట్టే, పొట్టు తీసే ఆడవాళ్ళ పని పోకుండా ఉండడానికే ఆ గోడ. నేను ఇది గొప్పగా వివరించిన రోజు ఆవిడ మెచ్చుకుంటారనుకున్నాను. "మరి గోడకి ఆ పక్కన ఆడోల్లు నేరా?" అని మాత్రం అడిగారు. ఆ వేళ ఆ మాటను నేను అంత పట్టించుకోలేదు.

ఆ తర్వాత కొన్నాళ్ళకు పెద్ద తుఫాను వచ్చి ఉద్దానంలో జీడి చెట్లను, కొబ్బరి చెట్లను వేళ్ళతో సహా పడగొట్టింది. తోటలు మళ్ళీ కోలుకునేదాకా ఫ్యాక్టరీలన్నీ ఆఫ్రికా పిక్క మీదే బతికాయి. తీరా రైతుల చెట్లు కాపుకొచ్చేసరికి వాళ్ళ పిక్కకు ధర లేదు. ఓడలో వచ్చిన సరుకు గోదాముల్లో నిండుగా ఉంది. రైతులు కాశీబుగ్గ వచ్చి ఫ్యాక్టరీల ముందు బైఠాయించారు. మా గేటు ముందు కూర్చున్నవాళ్ళలో రాజేశ్వరమ్మ గారి సొంత తమ్ముడు సింహాచలం కూడా ఉన్నాడు. మిగతా యజమానులు గేట్లు మూసుకుంటే, ఆవిడ గేటు తీయించి, అందరినీ లోపల షెడ్డు నీడన కూర్చోబెట్టి మజ్జిగ ఇప్పించారు.

"అప్పా, మజ్జిగ తరవాత. ముందు మా పిక్క ఎందుకు కొనవో సెప్పు," అన్నాడు సింహాచలం.

"కొంతాన్రా. కానీ నీ పిక్క మూడు నెల్లకి అయిపోద్ది. తరవాత ఈ ఆడోల్లకి పనేది?"

"మీ ఆడోల్ల కోసం మా తోటలు నరికేసుకోమంతావా?"

షెడ్డులో పొట్టు తీస్తున్న చేతులు ఆగిపోయాయి. అందరూ ఆవిడ ముఖమే చూస్తున్నారు. ఏదో నచ్చజెప్పే మాట చెబుతారని నేను ఎదురుచూశాను. ఆవిడ వచ్చి తమ్ముడి పక్కన నేల మీద కూర్చున్నారు. సాయంత్రం రైతులు లేచేదాకా అక్కడి నుంచి కదల్లేదు. సింహాచలం కోపం తగ్గలేదు. కానీ వెళ్ళేటప్పుడు అక్కకు చెయ్యి అందించి లేపాడు.

ఆ మరుసటి ఏడాది ఘానా నుంచి ఒక వ్యాపార బృందం విశాఖ వచ్చింది. అందులో అబెనా అనే ఆవిడ జీడి ఫ్యాక్టరీ చూస్తానని అడిగితే, మాకు పిక్కలు తెప్పించే ఏజెంటు మా దగ్గరికి తీసుకొచ్చాడు. రాజేశ్వరమ్మ గారి ఈడే ఉంటుంది. పసుపు, నీలం పువ్వుల గౌను, తలకు అదే గుడ్డ. మేం చూపించిన బాయిలర్నీ ఆరబెట్టే గదినీ తలాడిస్తూ చూసింది. గోదాములోకి రాగానే ఒక బస్తా మీద అచ్చుపడిన ఊరి పేరు చూసి ఆగిపోయింది. అది ఆమె ఊరు. బస్తా మీద చెయ్యి వేసి, తనకూ ఆ ఊళ్ళో ఇలాంటి ఫ్యాక్టరీయే ఉండేదని చెప్పింది. పిక్కల కాలంలో బయటి దేశాల కొనుగోలుదారులు ఆమె ఇవ్వలేని ధర రైతులకు ఇచ్చి, సరుకంతా ఊడ్చుకుపోయేవారట. చేసిన కాస్త పప్పును అమ్ముదామంటే ప్రతి దేశంలోనూ సుంకమట. చివరికి ఫ్యాక్టరీకి తాళం పడింది.

"మీరు మా పిక్క కొంటారు. మా పప్పు ఎందుకు కొనరు?" అని అడిగింది. ఆమె గొంతులో నిష్ఠూరం లేదు. నిజంగానే తెలుసుకోవాలని అడిగినట్టుంది.

నేను సుంకాల సంగతి చెప్పాను. ఆ నిబంధన రాసింది ఎవరని అడిగింది. మేం కాదన్నాను. "మేమూ కాదు," అంది ఆమె.

పొట్టు తీసే ఆడవాళ్ళలో పెద్దదైన పార్వతి మా వెనకే వచ్చి నిలబడింది. "ఏటంతంది ఆ అమ్మ?" అంది. చెప్పాను. పార్వతి అబెనా వైపు చూసి, "పాపం. గానీ ఆవిడ ఫేక్టరీ తెరిత్తే మా పని పోదా?" అంది. దీన్ని ఇంగ్లీషులోకి మార్చాలా వద్దా అని నేను తటపటాయిస్తుంటే, "సెప్పు గౌరీ, దాచకు," అన్నారు రాజేశ్వరమ్మ గారు. చెప్పాను. అబెనా పార్వతి చేతులు పట్టుకుని తిప్పి చూసింది. తొక్క నూనెకు కమిలి నల్లబడిన వేళ్ళు. తన దగ్గర పనిచేసిన ఆడవాళ్ళ చేతులూ ఇలాగే ఉండేవంది. ఆ మాట చెప్పాక పార్వతి ఆమెకు పీట వేసింది. ముగ్గురూ షెడ్డులో పీటల మీద కూర్చుని టీ తాగారు. మాటల కోసం మధ్యలో నేను ఉన్నాను గాని, కాసేపటికి నా అవసరం కూడా పెద్దగా లేకపోయింది.

అసలు పరీక్ష ఆ తర్వాత వచ్చింది. ఆఫ్రికా దేశాలు కొన్ని ముడి పిక్క బయటికి పోనివ్వకుండా ఆంక్షలు పెట్టాలని చూస్తున్నాయని వార్తలు వచ్చాయి. అలా పెట్టకుండా వాణిజ్య చర్చల్లో ఒత్తిడి తేవాలని ప్రభుత్వానికి అర్జీ పెట్టుకోవడానికి యజమానులు సమావేశమయ్యారు. ఇంగ్లీషు వచ్చు కాబట్టి ముసాయిదా నన్నే రాయమన్నారు. బాగానే రాశాను. రాజేశ్వరమ్మ గారు దాన్ని తెలుగులో చదివించుకుని, "ఒలే గౌరీ, అబెనా ఎదురుగా కూకుంటే ఇది సదవగలవా?" అన్నారు.

సమావేశంలో ఆవిడ లేచి, వాళ్ళను ఆపమని మనం అడగొద్దన్నారు. పిక్క కొట్టడం వాళ్ళ దగ్గరే జరగనిచ్చి, పైన పలచని పొట్టుతో ఉన్న పప్పును తక్కువ సుంకంతో రానిమ్మని అడుగుదామన్నారు. పొట్టు తీసి, ఏరి, ప్యాక్ చేసే పని ఇక్కడ మిగులుతుంది. ఉద్దానం తోటలకు కొత్త మొక్కలూ, పంటకు కనీస ధరా అడుగుదామన్నారు. వెనక వరసలో ఎవరో నవ్వారు. పెద్ద ఫ్యాక్టరీ యజమాని ఒకాయన, "అమ్మా, మనం వేపారం సేత్తన్నామా, సత్రం నడుపుతన్నామా?" అన్నాడు.

"వేపారమే బాబూ. రేపు ఆల్లు నిజంగా ఆపేత్తే ఏటి సేత్తాం? ఆల్లు బతికితేనే గదా మనకి సరుకు," అన్నారు ఆవిడ.

ఆవిడ సంతకం లేకుండానే అర్జీ వెళ్ళింది. దాని ఫలితం మాకు వెంటనే తెలిసింది. చిన్న ఫ్యాక్టరీలన్నీ కలిసి కంటైనర్లు తెప్పించుకునే పద్ధతి ఉండేది. ఆ ఏడాది మమ్మల్ని కలుపుకోలేదు. గోదాము ఖాళీ అయింది, బాయిలర్ చల్లారింది. ఒక ఉదయం పార్వతి, ఇంకొంతమంది ఆడవాళ్ళు గేటు దగ్గరికి వచ్చారు.

"మీ నాయం మీకు బాగుందమ్మా. మా పొయ్యి మాటేటి?" అంది పార్వతి.

"నువ్వన్నది నిజమేనే," అన్నారు రాజేశ్వరమ్మ గారు. ఆ రోజే నన్ను వెంటబెట్టుకుని ఆటోలో తమ్ముడి తోటకు వెళ్ళారు. సింహాచలం మంచం వాల్చాడు. ఏడాది పొడుగునా విడతలుగా, ఒకటే ధరకు పిక్క ఇవ్వమని, రైతులు దాన్ని బాగా ఎండబెట్టి నిల్వ ఉంచితే ఆ ఖర్చు తాను భరిస్తానని అడిగారు ఆవిడ. "మల్లీ ఓడ సరుకు సవగ్గా వత్తే మాట తప్పవు గదా అప్పా?" అన్నాడు. "తప్పితే మల్లీ గేటు ముందర కూకో," అన్నారు ఆవిడ. అతను నవ్వేశాడు. ఫ్యాక్టరీ మళ్ళీ నడిచింది, మునుపటిలో సగం కూడా కాదు. కొంతమంది ఆడవాళ్ళు వేరే ఫ్యాక్టరీలకు వెళ్ళిపోయారు. ఆ సంగతి ఎప్పుడు మాటల్లోకి వచ్చినా ఆవిడ ముఖం చిన్నబోయేది. తాను చేసింది సరైనదేనని ఎవరి దగ్గరా చెప్పుకోగా నేను వినలేదు.

ఆ రోజుల్లోనే అబెనా ఫోన్ చేసింది. తన ఊళ్ళో ఆడవాళ్ళతో కలిసి ఫ్యాక్టరీ తాళం తీసిందట. పిక్కలను ఆవిరికి ఉడికించి కొడుతుంటే పప్పు విరిగిపోతోందని గోడు చెప్పుకుంది. రాజేశ్వరమ్మ గారు వీడియోలో మా బాయిలర్ చూపిస్తూ వివరించారు, నేను ఇంగ్లీషులో చెప్పాను. పార్వతి దూరంగా పని చేసుకుంటూ వింటూనే ఉంది. చివరికి ఉండబట్టలేక ఫోన్ లాక్కుని, "వేడి మీద కొట్టేత్తన్నారు, అందుకే ఇరిగిపోతంది. సల్లారనిమ్మని సెప్పు," అంది. ఆపైన అబెనా ఫోన్ చేసినప్పుడల్లా ముందు పార్వతినే అడిగేది.

భర్తకు వచ్చిన జబ్బే చివరికి రాజేశ్వరమ్మ గారికీ వచ్చింది. పలాస ఆసుపత్రిలో డయాలిసిస్‌కు వెళ్ళినప్పుడు నేను తోడుండేదాన్ని. సూది గుచ్చిన చెయ్యి కదపకుండా పడుకుని, కొత్తగా ఏం మారిందని అడిగేవారు. ఆఫ్రికా దేశాలన్నీ తమలో తాము సుంకాలు తగ్గించుకుందామని చేసుకున్న ఒప్పందం గురించి ఒకసారి చెప్పాను. ఆవిడకు అది బాగా నచ్చింది. "మంచిదే. ముందు ఇరుగూ పొరుగూ కొనుక్కోవాల," అన్నారు. మళ్ళీ తనే, "దాంట్లోనూ చిన్నోల్లకి ఏటి మిగుల్తాదో సూడు. మనకి నచ్చిందని సూడ్డం మానేకు," అన్నారు. ఆవిడతో నేను కూర్చున్న ఆఖరి రోజుల్లో గుర్తున్న మాట అదే.

ఆవిడ పోయాక నేను ఈ ఆఫీసు పెట్టుకున్నాను. ఇప్పుడా ఫ్యాక్టరీని సింహాచలం కూతురు నడుపుతోంది. అబెనా ఫ్యాక్టరీ కొన్ని నెలలు నడుస్తుంది, కొన్ని నెలలు పిక్క దొరక్క ఆగుతుంది. పొట్టుతో వచ్చే పప్పు మీద సుంకం మాకు కావలసినంత తగ్గలేదు. ఏదీ పూర్తిగా తీరలేదు. మొన్న సింహాచలం ఫోన్ చేసి, తుఫానుకు చెట్లు పడి ఇంకా ఖాళీగా ఉన్న చోట మళ్ళీ జీడే వెయ్యనా, మానేసి ఇంకేదైనా చూసుకోనా అని అడిగాడు. వచ్చే ఏళ్ళలో దిగుమతులు ఎలా ఉంటాయో, ఏ దేశం ఏ తలుపు మూస్తుందో ఎవరికి తెలుసు? మునుపటి నేనైతే చదివిన నాలుగు ముక్కలూ కలిపి ఏదో ఒక సలహా చెప్పేసేదాన్ని. "నాకు తెల్దు మావా. రేపు పొద్దున్నే వత్తాను, తోటలో కూకుని మాటాడుకుందాం," అన్నాను. తెల్లారగానే సింహాచలం తోట మీదుగా వెళ్ళే వజ్రపుకొత్తూరు బస్సెక్కాను.