పుల్లయ్య ఇంట్లో బ్యాంకు వాటా

కమలాపురంలో నిటారుగా నిలబడిన గోడ కనిపిస్తే అది పుల్లయ్య మామ కట్టిందని కళ్ళు మూసుకుని చెప్పవచ్చు. ఆయన గోడ మీద చీమ ఎక్కితే సగం దూరంలో కాలు జారి పడుతుంది. నేను కళ్ళారా చూశాను. ఒక మే నెలలో మిట్టమధ్యాహ్నం ఆయన తాపీతో విసిరిన సిమెంటు ముద్ద గోడను తాకేలోపే గాలిలో గట్టిపడింది. మామ దాన్ని ఒడిసి పట్టుకుని ఇటుకగా పేర్చేశాడు. నమ్మనివాళ్ళు మా ఊరి ఎండలో ఒక పూట నిలబడి చూడండి.

మామ గోడలు కడితే నేను రంగులు వేస్తాను. తొమ్మిదో తరగతిలోనే బడి నా స్థాయికి తగదని తేల్చుకుని బయటికి వచ్చి, కుంచె పట్టాను. మా ఇద్దరికీ చుట్టరికం ఏమీ లేదు. అయినా ఆయన నాకు మామ, ఆయన భార్య సుబ్బరత్నమ్మ నాకు అత్త. ఆమె చేసిన సంగటి, చింతాకు పప్పు ఇన్నేళ్ళు తిన్నాక వేరే చుట్టరికం ఎందుకు?

ఊరందరికీ ఇళ్ళు కట్టిన మామ తనకంటూ ఇల్లు కట్టుకునేసరికి నలభై నాలుగేళ్ళు వచ్చాయి. స్థలం ఉంది, చేతిలో పని ఉంది, డబ్బే లేదు. మా వైపు వడ్డీ అంటే నూటికి నెలకు ఎంత అన్నదే లెక్క. రెండు రూపాయల వడ్డీ మామూలు, మూడు రూపాయలైతే అవసరం, ఐదు రూపాయలైతే ఖర్మ. అలాంటి చోట బ్యాంకువాళ్ళు ఏడాదికి తొమ్మిది శాతం అనగానే మామ వేళ్ళు మడిచి లెక్క కట్టాడు. నూటికి నెలకు డెబ్బై ఐదు పైసలు!

"ముక్కాలు రూపాయి వడ్డీరా ఓబులేసూ! అంత తక్కువకు మా నాయన గూడా నాకు అప్పియ్యడు" అని నా వీపు మీద చరిచాడు. ఆ చేతి గుర్తు నా చొక్కా మీద ఇప్పటికీ ఉంది.

పన్నెండు లక్షలు మంజూరయ్యాయి. ఎన్నేళ్ళకు తీరుస్తారని బ్యాంకులో అడిగితే మామ, నెల కంతు ఎందులో తక్కువ పడుతుందో అందులో వేయమన్నాడు. ఇరవై ఐదేళ్ళు. నెలకు పదివేల చిల్లర. మొగుడూ పెళ్ళాం ఇద్దరూ సంతకాలు పెట్టారు.

ఇల్లు లేచింది. ఆ తర్వాత మొదలైంది అసలు వేడుక. మామ మేస్త్రీ గదా, అప్పును కూడా గోడలాగే చూశాడు. ఒక్కో కంతు ఒక్కో వరస ఇటుక. ఏ వరసకైనా ఇటుకలు అన్నే, ఖర్చు అంతే. కాబట్టి కంతు కట్టి వచ్చిన ప్రతిసారీ ఇంట్లో ఎంత భాగం తమదైందో అత్తకు చెప్పేవాడు.

"ఏమ్మే, ఈ నెలతో పునాది అయిపాయ. ఇంక మనల్ని ఎవడూ పెకలించలేడు."

"మరి గడప?"

"వచ్చే యేడు. అంతవరకు గడప మీద కూచోవాకు, అది బ్యాంకోళ్ళది."

అత్త నవ్వేది. నేనూర్కుంటానా? భోజనానికి పిలిస్తే గుమ్మం ముందు ఆగి, "మామా, గడప దాటేదానికి బ్యాంకు మేనేజరును అడిగొచ్చినావా?" అనేవాణ్ణి. ఆరేళ్ళు గడిచేసరికి మామ లెక్క ప్రకారం దాదాపు పావు వంతు ఇల్లు ఆయనదైంది. కిటికీల కింది దాకా వచ్చేసిందన్నమాట. ఆ సంతోషంలో నాటుకోడి కోసి వీధిలో పదిమందికి పెట్టాడు. ఆ కోడి ఎంత పెద్దదంటే, కోసేదానికి రంపం నేనే తెచ్చిచ్చాను.

విందు రోజే మామ ప్రకటించాడు. పై అంతస్తు వేస్తాడట. ముందువైపు గుండ్రటి బాల్కనీ, దానికి తామరరేకుల్లాంటి అంచు. అప్పటికే నాలుగు లక్షలు కూడబెట్టాడు, మిగిలింది అదే అప్పు మీద ఇంకొంత తీసుకుంటాడు. నేను ఆ మాటను టీ కొట్టు దాకా మోసుకుపోయేసరికి బాల్కనీ మూడు వైపులా తిరిగింది. బస్టాండు చేరేసరికి దానికి లిఫ్టు కూడా వచ్చింది. ఊళ్ళో ఎదురైన ప్రతివాడూ, "మేడ ఎప్పుడప్పా?" అని అడగడం మొదలుపెట్టాడు. మామ మీసం మెలేస్తూ, "వానలు పోనీ" అనేవాడు.

అత్త మాత్రం ఆ మాటలో కలవలేదు. మామకు అప్పటికే యాభై. వెదురు బొంగులతో కట్టిన సారువ ఎక్కి దిగేటప్పుడు మోకాళ్ళు పటపటమనేవి. రాత్రి అత్త ఆముదం కాచి రుద్దేది. ఒకసారి పై నుంచి దిగుతూ కాలు మెలిక పడి, బొంగు పట్టుకుని వేలాడాడు. నేను కింది నుంచి పట్టుకోకపోతే ఈ కథ అక్కడే ముగిసేది. ఆ రోజు అత్త నన్ను బయటికి పిలిచి, "అబ్బీ, నాకు మేడ వద్దు, గీడ వద్దు. ఆయప్ప ఆ సారువ మీద నుంచి ఎప్పటికి దిగుతాడో అది చెప్పే వాళ్ళుంటే చూడు" అంది. నేను కుంచె కడిగే నెపంతో తొట్టి దగ్గరికి జారుకున్నాను. మాట వదిలేసి నేను జారుకోవడం ఊళ్ళో అదే మొదటిసారి.

కొత్త అప్పు అడగడానికి ముగ్గురమూ బ్యాంకుకు వెళ్ళాం. అప్పుల విభాగంలో హర్షిణి అనే అధికారిణి ఉంది. ప్రొద్దుటూరు పిల్ల, మాట మెత్తన. మామ కుర్చీలో కూర్చోగానే గొప్పగా మొదలుపెట్టాడు.

"మేడమ్, పాత అప్పు పావు వంతు తీరిపాయ. ఇంగ మేడకు ఎంత ఇస్తారో చెప్పండి."

ఆమె కంప్యూటరులో ఆయన ఖాతా తెరిచింది. "పుల్లయ్య గారూ, మీరు ఒక్క నెల కూడా తప్పకుండా కట్టారు. ఇప్పటికి ఏడు లక్షల పాతికవేల దాకా కట్టారు."

"అదీ!" అని మామ నా వైపు తిరిగాడు.

"అందులో అసలు కింద జమైంది లక్ష పైచిలుకు. ఇంకా పది లక్షల తొంభై ఎనిమిదివేలు బాకీ ఉంది."

మామ నవ్వు ముఖం మీదే ఎండిపోయింది. "మేడమ్, అది ఇంకెవరి లెక్కో చూడండి. ఇంకో పుల్లయ్య ఉండాడేమో."

ఆమె ఓపికగా చెప్పింది. మొదటి నెల మామ కట్టిన పదివేల చిల్లరలో తొమ్మిది వేలు వడ్డీకే పోయాయి. వెయ్యి మాత్రం అసలుకు చేరింది. నెలనెలా ఆ వెయ్యి కొద్దికొద్దిగా పెరుగుతుంది, వడ్డీ కొద్దికొద్దిగా తగ్గుతుంది. కానీ తొలి ఏళ్ళంతా వడ్డీదే రాజ్యం. ఇదే తీరున పోతే ఇంకా పందొమ్మిదేళ్ళు.

"మొత్తం ఎంతవుతాది తల్లీ?" అని అడిగింది అత్త. ఆరేళ్ళలో ఆ ప్రశ్న అడిగినవాళ్ళు మా ముగ్గురిలో ఎవరూ లేరు.

"ముప్పై లక్షలు దాటుతుందమ్మా."

మామ వేళ్ళు మడవలేదు. మడిచే లెక్క కాదది. ఒక ఇంట్లో ఉండటానికి రెండున్నర ఇళ్ళ డబ్బు. కిటికీల దాకా వచ్చిందనుకున్న ఇల్లు, పునాది కూడా పూర్తిగా దాటలేదు. యాభైకి పందొమ్మిది కలిపితే అరవై తొమ్మిది. అరవై తొమ్మిదేళ్ళ మనిషి సారువ మీద. అత్త మామ మోకాళ్ళ వైపు చూసింది, మళ్ళీ ముఖం తిప్పుకుంది.

"దుడ్లు చేతిలో ఉంటే ముందుగా అసలు కింద కట్టొచ్చు. మీ అప్పుకు దానికి జరిమానా ఏమీ లేదు. ఆలోచించుకోండి" అని హర్షిణి మంచినీళ్ళు తెప్పించింది.

ఇంటికి వచ్చాక గొడవ.

"ఆ నాలుగు లక్షలు తీసకపోయి కట్టేయి" అంది అత్త.

"కడితే మేడ యాడ నుంచి వస్తాది? ఊరంతా చెప్పుకున్యామే!"

"నేను చెప్పుకోలేదు. నువ్వు బాల్కనీ చెప్పినావు, ఈ అబ్బి లిఫ్టు పెట్టినాడు. మీ ఇద్దురూ ఎక్కి తిరగండి."

"మేడ వేస్తే బాడుగ వస్తాది గదమ్మే. దాంతోనే కంతు కట్టొచ్చు."

"మళ్ళా అప్పు చేసి మేడ వేసి, ఆ బాడుగతో ఆ అప్పుకు కడతావు. మరి దీనికి?"

మామ అలిగాడు. మామ అలిగితే మామూలుగా ఉండదు. గోడ వైపు తిరిగి కూర్చుంటాడు. ఆయన కట్టిందే కాబట్టి చూడటానికి బాగానే ఉంటుంది. అత్త కంచం తెచ్చి ఆ గోడకూ ఆయనకూ మధ్య పెట్టింది. అలుగుతూనే సంగటి రెండు ముద్దలు తిన్నాడు.

ఆ వారం మేము దావీదురాజు అనే ఆయన ఇంటి దగ్గర పని చేస్తున్నాం. స్లాబు పోసి నెల దాటింది, అది గట్టిపడి రాయి అయింది. అయినా దాని కింద నిలబెట్టిన సెంట్రింగు పలకలు, కర్రలు ఆయన ఇంకా విప్పించలేదు. అవి అద్దెవి. రోజుకు ఇంతని బాడుగ. అది మామకు ఒళ్ళు మండించే విషయం. సారువ మీద నుంచే గట్టిగా అరిచాడు.

"ఏమప్పా దావీదురాజూ, పలకలు ఇంగా పెట్టుకోని కూచున్యావే?"

"తీద్దాంలే పుల్లన్నా, తొందరేముండాది?"

"తొందరేమా? పలక నీ దగ్గర ఉన్నన్ని దినాలూ బాడుగ తిరుగుతానే ఉంటాదప్పా! నువ్వు నిద్రపోయినా తిరుగుతాది, ఆదివారం తిరుగుతాది, పండక్కి గూడా తిరుగుతాది. అన్నీ ఒకేపారి ఇయ్యలేకపోతే సగమన్నా ఇచ్చేయి. ఇచ్చిన పలకకు బాడుగ ఉండదు గదా! బాడుగ కడతా కడతా పలక నీదైందనుకుంటాండావా? పలక ఎప్పుడూ..."

అక్కడ ఆగిపోయాడు. నోరు తెరిచే ఉంది, చేతిలో తాపీ అలాగే గాలిలో ఉంది. దావీదురాజు కింద నుంచి, "ఏమైందన్నా, గుండె పట్టుకున్యాదా?" అని కంగారుపడ్డాడు. నేనూ నిచ్చెన దగ్గరికి పరుగెత్తాను.

మామ ఒక్కో బొంగూ పట్టుకుని నిదానంగా దిగాడు. దిగి, ఇసుక మీద కూర్చుని, తాపీ పక్కన పెట్టాడు.

"ఓబులేసూ, ఆ మేడమ్ చెప్పింది ఇదేరా."

"ఏది మామా?"

"వడ్డీ. పలకల బాడుగరా అది! ఇరవై యేండ్ల నుంచి ఊరందరికీ చెప్తాండా. నా ఇంటికాడ నేనే పెట్టుకోని కూచున్యా."

చేతులు కడుక్కోలేదు. సిమెంటు మరకల లుంగీతోనే ఇంటికి పోయి, "ఏమ్మే, పాసుబుక్కు తీయి" అన్నాడు. అత్త పాసుబుక్కు తీసుకుని, చీర కూడా మార్చుకోకుండా బయల్దేరింది. నేను ఎవరూ పిలవకుండానే వెంట వెళ్ళాను. అలాంటి చోట నేను లేకపోతే రేపు ఊరికి చెప్పేదెవరు?

హర్షిణి పాసుబుక్కులోని నాలుగు లక్షలు అసలు కింద జమ వేసుకుని ఒక కాగితం ముందు పెట్టింది. "ఇప్పుడు ఒకటి మీరే తేల్చుకోవాలి. నెల కంతు తగ్గించమంటారా? లేక కంతు అలాగే ఉంచి ఏళ్ళు తగ్గించమంటారా?"

"కంతు తగ్గించండి మేడమ్" అన్నాడు మామ వెంటనే. "నెలకు మూడు వేలు మిగిలినా మిగిలినట్లే గదా."

"ఏమయ్యా, మళ్ళా చిన్న కంతేనా?" అత్త గొంతు పెద్దది కాలేదు, కానీ పక్క బల్ల దగ్గరివాళ్ళు కూడా తిరిగి చూశారు. "ఆ పొద్దు చిన్న కంతు చూసే గదా ఇన్నేండ్లు మోసేది. తల్లీ, కంతు అట్లనే ఉండనీ. ఏండ్లు తగ్గించు. ఎన్నేండ్లకు దిగుతాది?"

హర్షిణి మీటలు నొక్కింది. "ఇదే కంతు కడుతూ పోతే... ఎనిమిదేళ్ళు, ఇంకో రెండు మూడు నెలలు."

"పందొమ్మిది గాదా?" అని మామ వంగి తెరలోకి చూశాడు. అంకెలు ఆయనకు ఆనవు, అయినా చూశాడు.

"కాదండీ. దాదాపు పదకొండేళ్ళు తగ్గాయి. మధ్యలో ఎప్పుడు దుడ్లు చేరినా తెచ్చి కట్టండి, ఇంకా తగ్గుతుంది."

"యాభై ఎనిమిదికి" అంది అత్త. కొంగుతో ఆయన చెంప మీది సిమెంటు మరక తుడిచి, కలం చేతికిచ్చింది. మామ సంతకం పెట్టాడు. ఆ సంతకం ఎంత గట్టిగా పెట్టాడంటే, కాగితం కింది బల్ల మీద కూడా పుల్లయ్య అని పడింది. ఇప్పటికీ వెళ్ళి చూసుకోవచ్చు.

బయట బసవన్న టీ కొట్టు దగ్గర కూర్చున్నాం. బసవన్న గ్లాసులు అందిస్తూ పదిమంది ముందే అడిగాడు.

"ఏమప్పా మేస్త్రీ, మేడ ఎప్పుడు? లిఫ్టు యాడ నుంచి తెప్పిస్తాండావు, బెంగళూరా?"

అంతా నవ్వారు. నా నోట్లో అప్పటికే ఒక మంచి అబద్ధం తయారుగా ఉంది. వాస్తు బాగాలేదని, కాశీ నుంచి సిద్ధాంతి వస్తున్నాడని చెబుదామని నోరు తెరిచాను. మామ నా తొడ మీద చెయ్యి వేసి ఆపాడు.

"మేడ లేదప్పా. ఆ దుడ్డంతా అప్పులో కట్టేసొచ్చినా. ఆరేండ్లు కట్టినా లక్షే తీరింది. నాకు లెక్క తెలీలేదు, ఈయమ్మ అడిగితే తెలిసింది."

ఎవరో ఒకరు నవ్వబోయి మానేశారు. బసవన్న టీ వడకట్టే గుడ్డ పక్కన పెట్టి, స్టూలు లాక్కుని మామ పక్కన కూర్చున్నాడు. గొంతు బాగా తగ్గించాడు.

"అన్నా, నా ఇంటప్పు గూడా ఇరవై యేండ్లకే రాసినారు. ఎంత తీరిందో నేనెప్పుడూ అడగల్యా. కట్టేది, వచ్చేది, అంతే. ఎవురిని అడగాల? ఏమని అడగాల? రేపు నాతో ఒకపారి వస్తావా?"

మామ అత్త వైపు చూశాడు. అత్త తన గ్లాసు ఖాళీ చేసి తల ఊపింది.

"రేపెందుకప్పా, బ్యాంకు ఇంగా మూయలేదు గదా" అంటూ పుల్లయ్య మామ లేచాడు.