బూడిదలోంచి లేచిన చొక్కా

మా ఆయన పేరు నేనెప్పుడూ నోటితో పలకలేదు. మా తరం ఆడవాళ్లం ఎవరమూ పలకలేదు. ఆయన పోయాక, అరవై దాటిన వయసులో, చర్చి పంతులమ్మ దగ్గర అక్షరాలు నేర్చుకున్నాను. ముందు రాసింది ఆయన పేరే, ఆయన నీలం చొక్కా కాలరు లోపల, మార్కరు పెన్నుతో. ఇంట్లో ఫొటో లేదు. ఉన్నదల్లా ఆ చొక్కానే.

పోయినేడు గుంటూరు నుంచి ఒక అమ్మాయి వచ్చింది. మాటలు లేని చిన్న సినిమా తీస్తుందట, పోయినవి మళ్లీ రావడం గురించి. మా మిరపచేలో దిష్టిబొమ్మకు పాత చొక్కా అడిగింది. వారం రోజులే కదా అని ఇచ్చాను. బుద్ధి తక్కువ పని.

కోతలయ్యాక మిరప కట్టె కుప్పేశాం. ఆ అమ్మాయి చొక్కా విప్పి నా చేతికివ్వబోయింది. కూలికొచ్చిన ఆడవాళ్లు ఊరుకోలేదు.

"చేను దిష్టంతా మోసిన గుడ్డ! ఇంటికి తీసుకుపోతావటే?"

"చర్చికి పోయేదాన్ని, నాకేం దిష్టే?" అన్నాను.

"అయితే ముట్టుకో చూద్దాం!"

ముట్టుకోలేకపోయాను. ఆ అమ్మాయి చేతే చొక్కా మళ్లీ తొడిగించి, బొమ్మను కుప్ప మీదికెక్కించారు. అగ్గిపుల్ల గీసింది నేనే. ఆ అమ్మాయి కెమెరాతో తీస్తూనే ఉంది.

నెల తర్వాత ఒక మధ్యాహ్నం చర్చి షెడ్డు తలుపులు మూసి, దుప్పటి కట్టి, సినిమా వేసింది. తెర మీద అంతా చివర్నుంచి మొదటికి, వెనక్కి నడిచింది. పొగ కుప్పలోకి దిగుతుంటే షెడ్డులో ఇద్దరు ముగ్గురు నిజంగానే దగ్గారు. బూడిద ఎర్రబడింది. అందులోంచి కాలరు మొలిచింది. దాని లోపలి వైపు అక్షరాలు, చివరిది ముందుగా, ఒక్కొక్కటే వచ్చాయి. చొక్కా నిండింది, లోపల మనిషి ఉన్నట్టు. నా చెయ్యే మంటను అగ్గిపుల్లలోకి తీసేసుకుంది. నేను వెనక్కి వెనక్కి నడిచి వెళ్లిపోయాను. ఆయన నిలబడే ఉన్నాడు.

నోరు దానంతటదే తెరుచుకుంది. పేరు పెట్టి పిలిచాను. పక్కావిడ ఉలిక్కిపడి నా వైపు చూసింది.

తెర మీద చొక్కా కుడి చెయ్యి కాస్త లేచింది.

ఆ రోజు గాలి లేదు. మంట పెట్టినదాన్ని, నాకు తెలుసు.

"ఇంకోసారి వెయ్యమ్మా" అన్నాను.

వేసింది. అన్నీ అలాగే వచ్చాయి. చెయ్యి మాత్రం లేవలేదు. "ఇందాక చెయ్యి లేచింది కదమ్మా?" అని అడిగాను.

"చెయ్యి లేచిందేంటి, మామ్మగారూ? అలాంటిదేం తియ్యలేదండీ" అంది ఆ అమ్మాయి.

రెండోసారి నేను పిలవలేదు మరి.