మావాడేడని అడిగే పెద్దాయన

బుజ్జీ, మన పక్కింటి తాతగారు పోయారురా. నిద్రలోనే పోయారని వాళ్ళమ్మాయి వచ్చి చెప్పింది. అందరికన్నా ముందు నీకే చెప్పాలనిపించింది.

చదివేవాళ్ళు ఏమీ అనుకోకండి. బుజ్జి నా కొడుకు. వాడు పోయి ఏడాది దాటింది. నేను పెద్దగా చదువుకోలేదు. మనసులో ఉన్నది ఉన్నట్టు రాస్తున్నాను.

తాతగారు అమెరికాయన. ఇంగ్లండులో మేముండే ఈ లీడ్స్ ఊరి అమ్మాయిని పెళ్ళాడి ఇక్కడే ఉండిపోయారు. వయసులో ఉండగా అక్కడి ఫుట్‌బాల్ జీతానికి ఆడారట. దూరం నుంచి విసిరిన బంతిని పరుగెత్తుతూ పట్టుకోవడం ఆయన పని. అప్పట్లో ఆ జీతంతో ఇల్లు గడిచేది కాదట, ఆట లేని నెలల్లో ఇటుకల లారీ తోలేవారట. మోకాలు పోయాక ఆట కూడా పోయింది. కుడిచేతి వేళ్ళు తలో దిక్కుకి వంకరపోయి ఉండేవి. "ఇదే నా పెన్షన్" అని చూపించి నవ్వేవారు.

"చేత్తో పట్టుకునే ఆటకి ఫుట్‌బాల్ అని పేరేంటండీ?" అని నా వచ్చీరాని ఇంగ్లీషులో ఒకసారి అడిగాను.

"పేరు పెట్టినవాడు కనబడితే నేనూ అడుగుదామనే చూస్తున్నానమ్మా" అన్నారు.

మావాడికి ఆ ఆట నేర్పింది ఆయనే. ఫెన్స్ అవతల నిలబడి బంతి విసిరేవారు. "నువ్వున్న చోటికి విసరను. నువ్వు చేరబోయే చోటికి విసురుతాను. నమ్మి పరుగెత్తు" అనేవారు. రొమ్ముకి హత్తుకుని పట్టుకుంటే ఒప్పుకునేవారు కాదు, వేళ్ళతోనే పట్టాలి. చలికి వాడి చేతులు కందిపోతుంటే నేను కిటికీలోంచి అరిచేదాన్ని. "మమ్, అయామ్ ఫైన్!" అనేవాడు.

యూనివర్సిటీ టీములో చేరాడు. ఒకరోజు ప్రాక్టీసులో పరుగెత్తుతూ పడిపోయాడు. మళ్ళీ లేవలేదు. గుండెలో పుట్టుకతోనే లోపం ఉందనీ, ఆటది తప్పు కాదనీ డాక్టర్లు అన్నారు. మనసు వింటుందా?

అప్పటికే తాతగారికి మతిమరుపు వచ్చేసింది. ఆడే రోజుల్లో తలకి తగిలిన దెబ్బల వల్ల కావచ్చన్నారట. "మీవాడేడీ?" అని అడిగారు. చెప్పాను. తన వంకర వేళ్ళు చూసుకుంటూ "నేర్పింది నేనే కదా" అని ఏడ్చారు. ఆ రోజంతా ఏమీ ముట్టలేదట. మర్నాడు మళ్ళీ "మీవాడేడీ?" మళ్ళీ చెప్పాను, మళ్ళీ అదే ఏడుపు. ఆ మరుసటి రోజు మాత్రం "ప్రాక్టీసుకి వెళ్ళాడండీ" అన్నాను. ఆ ముఖం వెలిగిపోయింది.

"ఎన్నాళ్ళే ఈ అబద్ధం? ఆ ఆట ఆడుతూనే పోయాడని ఆయనకి తెలియొద్దూ?" అని మా ఆయన కసురుకున్నారు.

"తెలిసి ఏం చేస్తారండీ? రోజూ కొత్తగా ఏడుస్తారు. ఆ ఏడ్చేదేదో మనం ఏడిస్తే చాలదూ?"

అన్నానే గానీ, కొన్ని రోజులు నాకే ఒళ్ళు మండేది. నిజం ఆయన మొహం మీదే అరిచి చెప్పాలనిపించేది. చెప్పలేదు. ఆయన మీద జాలో, రోజుకొకసారైనా మావాడు ఇంకా ఎక్కడో పరుగెడుతున్నాడని నా నోటితో అనాలన్న ఆశో, ఇప్పటికీ తేల్చుకోలేకుండా ఉన్నాను.

పోయిన వారం జోరున వాన. అప్పుడూ అడిగారు. ప్రాక్టీసన్నాను.

"ఈ వానలోనా? గట్టివాడే" అన్నారు. "వచ్చేసరికి ఆకలి మీదుంటాడు. వేడిగా ఏదైనా చేసి పెట్టు."

సరేనని ఇంటికొచ్చి పప్పుచారు కాచాను. తెలియకుండానే మూడు కంచాల్లో వడ్డించేశాను. మా ఆయన చూశారు. మూడో కంచంలో ఆవిరి తగ్గిపోయేదాకా ఇద్దరం దాన్నే చూస్తూ కూర్చున్నాం.

వాడికి తిండి పెట్టమని నాకు చెప్పేవాళ్ళు ఇక లేరు. ఇది చదువుతున్న పిల్లలూ, మీరు మాత్రం వేళకి, వేడివేడిగా, కడుపునిండా తినండి.