నూట పదమూడో చావు

నలభై ఏళ్లుగా జర్మనీ టీవీల్లో క్రాగ్ గారి పని చావడమే. పోలీసు సీరియల్ మొదలైన పది నిమిషాల్లో ఆయన శవం దొరకాల్సిందే. అలా నూట పన్నెండు సార్లు చచ్చాడు. ప్రతిసారీ ఓ పొలికేక వేసి, కాలరు పట్టుకుని మరీ ఒరిగేవాడు. ఆ కేక కోసం రోజూ పొద్దున్నే ఉప్పునీళ్లు పుక్కిలించేవాడు. ప్రపంచ కప్పు స్టేడియాలు లేస్తున్న రోజుల్లో, కూలీలకు చూపించే సేఫ్టీ సినిమాలో పడి చావడానికి ఆయన్ని ఖతార్ రప్పించారు. ఇండస్ట్రియల్ ఏరియాలో ఓ యార్డులో పరంజా కట్టి, కింద పరుపులు పరిచారు. క్రాగ్ కేక వేసి పడ్డాడు. అందరూ చప్పట్లు కొట్టారు, పరుపులు మోసిన జగిత్యాల గజేందర్ తప్ప.

"గట్ల ఒర్రరు సార్," అన్నాడతను. "మా రూముల ఉండే నర్సింగ్ సైట్ల పడ్డప్పుడు ఒర్రనే ఒర్రలే. టిఫిన్ డబ్బ గట్టిగ పట్టుకున్నడు. పానం పోయినంక గూడ మూత ఊడలే."

తెలుగు తెలిసిన సేఫ్టీ ఆఫీసర్ వెస్లీ, పడేవాళ్లు అలా కేక వేయరన్న సంగతీ డబ్బా సంగతీ క్రాగ్‌కు ఇంగ్లీషులో చెప్పాడు.  క్రాగ్ గజేందర్ టిఫిన్ డబ్బా అడిగి తీసుకుని మళ్లీ పైకెక్కాడు. కాలరు జోలికి పోలేదు. డబ్బాను పొట్టకు అదుముకుని, కిక్కురుమనకుండా పడ్డాడు. గజేందర్ కంగారుగా పరుపుల దగ్గరికి పరిగెత్తాడు.

"కట్!" అని అరిచాడు డైరెక్టర్. "ఇలా చస్తే ఎవరూ నమ్మరు. ఇంకోసారి, కేకతో!"