తాడు లేని నడక

మా పక్క క్వార్టర్ కాక మొన్న పొద్దున పోయాడు. ఆయన భార్య చిన్నమ్మ గోడవతల నుంచి ఆ మాట చెప్పినప్పుడు నేను మా టైగర్‌కు పాలు పోస్తున్నాను. ఆ కుక్క ఇవాళ బతికి ఉందంటే కాక చలవే.

మా గల్లీ దాటితే బొగ్గు లారీల రోడ్డు. లారీ కనిపిస్తే చాలు, టైగర్ దాని చక్రాల మీదికి ఉరికేది. తాడు కడితే నన్నే ఈడ్చుకుపోయేది. నేను దాని పేరు పెట్టి గొంతు చించుకునేదాన్ని. తను ‘బాయి’ అని పిలిచే బొగ్గు గనిలో పనిచేసి రిటైరైన కాక రోజూ గేటు దగ్గర కూర్చుని ఈ తమాషా చూసేవాడు. ఒకరోజు ఉండబట్టలేక అన్నాడు: "గిన్నిసార్లు పిలుస్తే అది పేరనుకోదు బిడ్డా, లొల్లనుకుంటది."

మర్నాడే క్వార్టర్ల వెనక ఖాళీ జాగాలో తాడు విప్పేశాడు. ఎడమ చేతిలో ఉడికిన గుడ్డు. కుక్క ముందుకు ఉరికితే మాట్లాడకుండా వెనక్కి తిరిగి నడిచేవాడు. అది వచ్చి ఎడమ పక్కన చేరితే ఒక ముక్క. ఆయన ఆగితే అది కూర్చోవాలి. తెల్లసొన కుక్కకు, పచ్చసొన ఆయనకు. డాక్టరు వద్దన్నాడని చిన్నమ్మ ఇంట్లో గుడ్డు ఉడకబెట్టదు మరి.

"బాయిల కొత్తోన్ని గిట్లనే నడిపిస్తం. పక్కకుండాలె, నేనాగితే ఆగాలె. ముందు ఉరికెటోనికి పైకప్పు యాడ కూలుతదో ఏం తెలుస్తది?" అనేవాడు.

రోడ్డు మీదికి ఎప్పుడు తీసుకెళ్దామని నేను తొందరపెడితే, "జల్ది దేనికి? దాని పానం పోతే మళ్ల తెస్తవా?" అని కసిరేవాడు. చివరికి తనకు నమ్మకం కుదిరిన రోజే తీసుకెళ్లాడు. లారీ వచ్చింది. కాక ఆగాడు. టైగర్ కూర్చుంది, చెవులు మాత్రం కదిలాయి. నాకు ఏడుపొచ్చింది. ఆయన మాత్రం, "రేపటి సంది గుడ్డు నువ్వే తెచ్చుకో" అని ఇంటికి నడిచాడు.

నిన్న పాడె లేచినప్పుడు డప్పులు, పటాకులు. గోదావరి ఒడ్డుకు పోవాలంటే ఆ లారీల రోడ్డే దాటాలి. భయపడి టైగర్‌కు కడదామని తాడు చేతిలోకి తీసుకున్నాను. చిన్నమ్మ నా చెయ్యి పట్టుకుంది.

"తాడెందుకు బిడ్డా? ఆయన పక్కనే ఉన్నడు గదా."

టైగర్ పాడెకు ఎడమ పక్కన నడిచింది. లారీలు ఆగి ఉన్నాయి, వాటి వంక చూడలేదు. దింపుడు కల్లం దగ్గర పాడె దించగానే అక్కడే కూర్చుంది. కాక కొడుకు వంగి ఆయన చెవిలో "బాపూ" అని పిలిచాడు. మళ్లీ పిలిచాడు. మోసేవాళ్లు పాడె ఎత్తడానికి భుజాలు సర్దుకున్నారు. టైగర్ మాత్రం లేవలేదు. పాడె కదిలాకే లేచింది.