టీచరమ్మ ఇచ్చిన ఆల్చిప్ప

నా చిన్నప్పుడు మా పేటలో సండే స్కూలు చెప్పిన టీచరమ్మ కొత్తపట్నం ఆవిడ. వారమంతా మిరపకాయలు కోసి మంటెత్తిన చేతులతో మేం చాప మీద కూర్చుంటే, దూరదేశాల కబుర్లు చెప్పేది.

ఒక ఆదివారం, వందల ఏళ్ళ నాటి క్రైస్తవ యాత్రికుల గురించి చెప్పింది. యూరప్‌లో జనం ఇల్లూ వాకిలీ వదిలి నెలల తరబడి నడిచేవారట. కొందరు యెరూషలేముకు, కొందరు స్పెయిన్‌లో ఉన్న, యేసు శిష్యుడైన యాకోబు సమాధికి. పాపం పోవాలని, జబ్బు నయం కావాలని, మొక్కు తీరాలని వెళ్ళేవారట. ఊళ్ళు చూడొచ్చని బయల్దేరినవాళ్ళూ ఉన్నారట. స్పెయిన్ వెళ్ళొచ్చినవాళ్ళు గుర్తుగా టోపీకి ఆల్చిప్ప కుట్టుకునేవారంటూ, తన ఊరి సముద్రపు ఒడ్డున ఏరిన తెల్లటి ఆల్చిప్ప ఒకటి కొంగుముడి విప్పి తీసింది. మీరైతే ఎందుకు వెళతారో చెప్పండి, నచ్చినవాళ్ళకి ఇస్తానంది.

నేను దాని మీద మనసు పడ్డాను. తిరిగొచ్చాక పేటంతా నన్నే చూడాలని వెళతానన్నాను. అలాంటివాళ్ళు అప్పుడూ ఉన్నారులే అని టీచరమ్మ నవ్వింది. పక్కింటి అక్క మాత్రం తలెత్తకుండా, "మా నాన్న లేచి నడవాలండీ" అంది. వాళ్ళ నాన్న చీమకుర్తి క్వారీలో పడి, నడుం విరిగి మంచాన ఉన్నాడు. ఆల్చిప్ప అక్కకే దక్కింది.

అక్క దాన్ని దారానికి కట్టి మెడలో వేసుకుని తిరుగుతుంటే నాకు అన్నం సయించలేదు. టీచరమ్మ మా ఇంటికి వచ్చినప్పుడు, "బైబిలు వాక్యాలన్నీ నాకే కదండీ వచ్చు, అది నాకే రావాలి" అని గొడవపడ్డాను.

ఆమె కోప్పడలేదు. "సరేనే, ఇప్పిస్తాను. ఆల్చిప్పతోపాటు వాళ్ళింట్లో మంచం కూడా మీ ఇంటికి తెచ్చుకోవాలి మరి. తెచ్చుకుంటావా?"

మా నాన్న అప్పుడే పొలం నుంచి వచ్చి వాకిట్లో నిలబడి కాళ్ళు కడుక్కుంటున్నాడు.

ఇప్పుడు మా పేట నుంచి కూడా విమానమెక్కి యెరూషలేము వెళ్ళొస్తున్నారు. ఫ్లెక్సీలు కట్టి, దండలు వేస్తారు. చూస్తే నాకు కుళ్ళే. ఈ వయసులోనూ పోలేదు. కుళ్ళుకుంటూనే దగ్గరికి వెళ్ళి, దేవుణ్ణి ఏం అడగాలని బయల్దేరావమ్మా అంటాను. మొన్న అలా అడగ్గానే ఒకావిడ మెడలో దండ కూడా తియ్యకుండా నా పక్కన కూలబడి, నా చెయ్యి పట్టుకుని ఏడ్చేసింది.